మిగులుకు పేరు పెట్టిన లెక్క

కొల్లేరు సరస్సు దరిన మండవల్లి చుట్టుపక్కల ఏ ఇంటికి వెళ్ళినా హాల్లో గోడకు తెలుగు క్యాలెండరు కనిపిస్తుంది. ఎరువుల కొట్టువాళ్ళు ఇచ్చిందో, చేపల మేత డీలరు ఇచ్చిందో, బంగారం షాపువాళ్ళు ఇచ్చిందో అయి ఉంటుంది. అందులో ఒక్క గడిని పట్టుకుని తీరిగ్గా చూడండి. లావుపాటి అంకె ఇంగ్లీషు తేదీ. దాని కింద తిథి, అది ఎన్ని గంటల ఎన్ని నిమిషాల వరకో. ఆ కింద నక్షత్రం, దాని గడువు. ఇంకా కిందికి వర్జ్యం, దుర్ముహూర్తం. నెలలో రెండు మూడు గళ్ళలో మాత్రం ఓ మూలన ఏదో ఒక కార్తె మొదలవుతోందన్న సంగతి. మిగిలిన కాస్త తెల్లచోటులో ఇంటావిడ పెన్నుతో వేసిన పాల లెక్క, గ్యాస్ బండ వచ్చిన రోజు, చెరువుకి దించిన మేత బస్తాల అంకె.

అగ్గిపెట్టెంత ఆ గడిలో మూడు కాలమానాలు కాపురం చేస్తున్నాయి. ఇంగ్లీషు తేదీ ఆఫీసుకీ బ్యాంకుకీ. తిథి చంద్రుడిది. కార్తె సూర్యుడిది. ఈ మూడూ ఒకదానితో ఒకటి సరిగ్గా భాగించబడవు. చంద్రుడి నెల 29 రోజుల 12 గంటల 44 నిమిషాలు. అలాంటివి పన్నెండు కలిపితే 354 రోజుల చిల్లర. సూర్యుడి ఏడాదికి దాదాపు పదకొండు రోజులు తక్కువ. ఏడు రోజుల వారం వీటిలో దేన్నీ నిశ్శేషంగా కొలవదు. ఆకాశం మనకి ఇచ్చినవన్నీ ఇలాంటి చిల్లర లెక్కలే. పంచాంగం కట్టినవాళ్ళ పనితనమంతా ఈ చిల్లరను ఏం చేశారన్న దాంట్లో ఉంది. వాళ్ళు దాన్ని కొట్టిపారెయ్యలేదు, గుట్టుగా సర్దెయ్యలేదు. ఎక్కడ ఎంత మిగిలిందో అక్కడ దానికి ఒక పేరు పెట్టి, ఊరందరూ ఒకేలా పాటించగల నియమం రాశారు. ఈ వ్యాసం ఆ పనితనం గురించి. ఫలితాల జోలికీ రాశిఫలాల జోలికీ పోవడం లేదు.

కథలో కాలం, ఊళ్ళో కాలం

ఊహాలోకానికి కాలమానం కట్టుకోవడంలో ఒక సుఖముంది. ఎవరూ అడ్డు చెప్పరు. జె.ఆర్.ఆర్. టోల్కీన్ 'ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్' మూడో సంపుటం 1955లో వచ్చింది. దాని అనుబంధాల్లో హాబిట్లనే పొట్టి జనం వాడే షైర్ కాలమానాన్ని ఆయన పూర్తిగా వివరించాడు. నెలలు పన్నెండు, ప్రతి నెలకీ ముప్పై రోజులు. మిగిలిన ఐదు రోజుల్లో రెండింటిని ఏడాది మలుపులోనూ, మూడింటిని నడివేసవిలోనూ ఏ నెలకీ చెందని పండగ రోజులుగా పెట్టాడు. నడివేసవి రోజుకీ, లీపు ఏట దాని పక్కన వచ్చే అదనపు రోజుకీ వారం పేరు కూడా తీసేశాడు. అలా మిగిలినవి 364, అంటే సరిగ్గా యాభై రెండు వారాలు. దాంతో ఏ తేదీ ఏ వారమో ఎన్నేళ్ళయినా మారదు. హాబిట్లకి కొత్త క్యాలెండరు కొనే ఖర్చే లేదు. చాలా ముచ్చటైన కట్టడం.

ఇదే ఊహని మన లోకంలో అమలు చెయ్యాలని నిజంగానే ప్రయత్నించారు. ఎలిజబెత్ అచెలిస్ అనే అమెరికన్ మహిళ 1930లో ప్రపంచ క్యాలెండరు పేరుతో ఉద్యమం మొదలుపెట్టింది. అందులోనూ ఏడాది చివర వారం పేరు లేని ఖాళీ రోజు ఉంది. 1953లో భారత ప్రభుత్వమే ఆ ప్రతిపాదనను ఐక్యరాజ్యసమితి ముందుకు తీసుకెళ్ళింది. భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా దానికి గట్టి మద్దతుదారు. కానీ ఆదివారానికీ శనివారానికీ శుక్రవారానికీ నడుమ వరస తెగిపోతుందంటే చాలా మతాలవాళ్ళు ఒప్పుకోలేదు. 1956లో ఆ చర్చను నిరవధికంగా పక్కన పెట్టేశారు. లెక్క ఎంత నున్నగా వచ్చినా, జనం తరతరాలుగా తెంపకుండా మోస్తున్న వరసను తెంపమంటే ఆ లెక్క నిలవదు.

పంచాంగం ఈ జాగ్రత్త మొదటినుంచీ తీసుకుంది. పంచ అంగాలు తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం. వీటిలో వారాన్ని మాత్రం ఎక్కడా ముట్టుకోదు. తిథి లుప్తమైనా, నెల రెండుసార్లు వచ్చినా, సోమవారం తర్వాత మంగళవారమే. మిగిలిన నాలుగూ ఆకాశాన్ని బట్టి ముందుకీ వెనక్కీ జరుగుతుంటే, వారం ఒక్కటే ఆకాశంతో పనిలేకుండా సాగుతుంది. రాగి రేకు మీద వెయ్యేళ్ళ కిందటి తేదీని ఇవాళ సరిచూడాలంటే మనకి మొదటి పట్టు ఈ వారమే. అదెలాగో ముందు ముందు చూద్దాం.

వారాల వరస కూడా ఊరికే పెట్టిన పేర్లు కావు. గ్రహాలను నెమ్మదిగా నడిచేదాని నుంచి వేగంగా నడిచేదాని దాకా పేర్చండి: శని, గురుడు, కుజుడు, రవి, శుక్రుడు, బుధుడు, చంద్రుడు. రోజుకి ఇరవై నాలుగు హోరలు. ఒక్కో హోరకి ఒక్కో గ్రహం అధిపతి. ఆదివారం తొలి హోర రవిది. ఏడేసి చొప్పున మూడు చుట్లు తిరిగితే ఇరవై ఒకటి. ఇరవై రెండోది మళ్ళీ రవిది, ఆపై శుక్రుడు, బుధుడు. రోజు అయిపోయింది. మర్నాటి తొలి హోర చంద్రుడిది, అంటే సోమవారం. ఇరవై నాలుగుని ఏడు పెట్టి భాగిస్తే మిగిలే మూడే మన వారాల వరసను నడిపిస్తోంది.

కరణాలలో ఇంకో చక్కని పని ఉంది. తిథిలో సగం కరణం. నెలకి ముప్పై తిథులు, కాబట్టి అరవై కరణాలు. బవ, బాలవ మొదలుకొని భద్ర దాకా ఏడు పేర్లు చక్రంలా తిరుగుతాయి. ఎనిమిది చుట్లు తిరిగితే యాభై ఆరు. ఇంకా నాలుగు మిగిలాయి. ఆ నాలుగింటికి శకుని, చతుష్పాత్తు, నాగవం, కింస్తుఘ్నం అని వేరే పేర్లు పెట్టి, అమావాస్యకి అటూ ఇటూ స్థిరంగా కూర్చోబెట్టారు. టోల్కీన్ నడివేసవిలో ఖాళీ రోజుతో సాధించిన పనే ఇది. తేడా ఏమిటంటే, ఇక్కడ మిగులు పడింది ఎవరి సెలవునూ సంతనూ చెడగొట్టని చోట.

రెండు సూర్యోదయాల నడుమ

తిథి చూడటానికి రోజులా కనిపిస్తుంది గానీ, నిజానికి అది కోణం. సూర్యుడి కంటే చంద్రుడు పన్నెండు డిగ్రీలు ముందుకు జరిగితే ఒక తిథి. చంద్రుడి నడక ఎప్పుడూ ఒకే వేగంతో ఉండదు. భూమికి దగ్గరగా వచ్చినప్పుడు పరిగెడతాడు, దూరమైనప్పుడు తాపీగా నడుస్తాడు. అందువల్ల తిథి ఒకప్పుడు ఇరవై గంటలకే అయిపోతుంది, ఒకప్పుడు ఇరవై ఆరు గంటలు దాటుతుంది. పాత సిద్ధాంతులు దీన్ని ఒక్క ముక్కలో గుర్తుపెట్టుకునేవారు: బాణవృద్ధి, రసక్షయం. మన్మథుడి బాణాలు ఐదు, రసాలు ఆరు. అరవై ఘడియల మీద ఐదు పెరగొచ్చు, ఆరు తరగొచ్చు. ఘడియ అంటే ఇరవై నాలుగు నిమిషాలు. ఇప్పటి దృక్ గణితంలో, అంటే ఆకాశంలో కనిపించే స్థానాలతో సరిపోయే లెక్కలో, ఈ హద్దులు ఇంకాస్త అటూ ఇటూ పోతాయి గానీ, చేతి లెక్కల కాలానికి ఆ మాట చాలా దగ్గరి అంచనా.

ఇలా సాగుతూ కుంచించుకుపోతూ ఉండే కొలతతో ఊరు ఎలా పని చేసుకుంటుంది? అందుకు ఒకే ఒక్క నియమం పెట్టారు. సూర్యోదయానికి ఏ తిథి ఉంటే ఆ రోజంతా వ్యవహారంలో ఆ తిథే. ఒక తిథి రెండు సూర్యోదయాలను తాకితే వృద్ధి. ఏ సూర్యోదయాన్నీ తాకకపోతే క్షయం. మిగులు పైకి తేలే రెండు దారులకీ రెండు పేర్లు సిద్ధంగా ఉన్నాయి.

పరాభవ నామ సంవత్సరాది దీనికి గొప్ప ఉదాహరణ. 2026 మార్చి 19, గురువారం. కొల్లేటి దరిన ఆ ఉదయం ఆరూ పావు లోపే సూర్యోదయం. అప్పటికి ఇంకా అమావాస్యే. ఏడింటికి కొద్ది నిమిషాల ముందు పాడ్యమి వచ్చింది. మర్నాడు తెల్లవారుజామున ఐదు కాకుండానే విదియ వచ్చేసింది. అంటే చైత్ర శుద్ధ పాడ్యమి రెండు సూర్యోదయాల నడుమ పుట్టి, రెండో సూర్యోదయం చూడకుండానే ముగిసింది. సంవత్సరం మొదటి తిథే క్షయ తిథి! సూర్యోదయ నియమాన్ని ఒక్కదాన్నే పట్టుకుని కూర్చుంటే ఆ ఏడాదికి ఉగాదే లేనట్టు. కానీ ఇలాంటి సందర్భం వస్తుందని ముందే ఊహించి నియమానికి నియమం రాసిపెట్టారు: పాడ్యమి సూర్యోదయాన్ని తాకకపోతే, అది ఏ రోజులో ఇమిడిందో ఆ రోజే ఉగాది. మార్చి 19నే ఉగాది పచ్చడి కలిపారు. గోడ క్యాలెండరులో ఆ గడి మిగతా గళ్ళలాగే మామూలుగా కనిపిస్తుంది. దాని వెనక ఇంత సంగతి ఉంది.

పదమూడో నెల

అదే పరాభవ సంవత్సరంలో ఇంకో విశేషం కూడా వచ్చింది. ఆ ఏడాదికి పదమూడు నెలలు. చాంద్ర సంవత్సరం సూర్యుడి కంటే ఏటా పదకొండు రోజులు వెనకబడుతుంది. మూడేళ్ళు తిరక్కుండానే ఆ బాకీ నెల అవుతుంది. వదిలేస్తే ఉగాది ముందు శిశిరంలోకి, ఆ తర్వాత సంక్రాంతి చలిలోకి జారిపోతుంది. ఇస్లామిక్ హిజ్రీ సంవత్సరం అలాగే జరుగుతుంది. దాని నియమమే అది, కాబట్టి రంజాన్ అన్ని రుతువుల్లోనూ వస్తుంది. పంచాంగం మాత్రం నెలను రుతువుకి కట్టేసి ఉంచాలనుకుంది.

అందుకు పెట్టిన నియమం ఈ కట్టడం మొత్తంలో నాకు అన్నిటికంటే నచ్చినది. ఇన్నేళ్ళకొకసారి నెల కలపండి అని ఎక్కడా చెప్పలేదు. అమావాస్య నుంచి అమావాస్య దాకా సాగే నెలలో సూర్యుడు ఒక కొత్త రాశిలోకి అడుగుపెట్టాలి. ఆ అడుగే సంక్రమణం. ఏ నెలలో సంక్రమణం పడలేదో అది అధిక మాసం. అంతే. ఎప్పుడు కలపాలో ఆకాశమే చెబుతుంది. ఎవరూ పూనుకుని దిద్దనక్కర లేదు, ఏ రాజూ ఆజ్ఞ ఇవ్వనక్కర లేదు. సగటున ముప్పై రెండున్నర నెలలకొకసారి, పంతొమ్మిదేళ్ళలో ఏడుసార్లు అధిక మాసం దానంతటదే వస్తుంది. దృక్ లెక్కన 2026లో మే 17 తెల్లవారుజాము నుంచి జూన్ 15 ఉదయం దాకా సూర్యుడు రాశి మారలేదు. జూన్ 15న అమావాస్య దాటిన కొద్ది గంటలకి మిథునంలోకి వెళ్ళాడు. ఆ కొద్ది గంటల తేడాతోనే అధిక జ్యేష్ఠం ఏర్పడింది. ఆ తర్వాతది నిజ జ్యేష్ఠం.

ఇదే నియమాన్ని తిరగేస్తే ఇంకో మూల కనిపిస్తుంది. ఒకే నెలలో రెండు సంక్రమణాలు పడితే? అది క్షయ మాసం. జనవరి మొదటి వారంలో భూమి సూర్యుడికి దగ్గరగా వస్తుంది. ఆ చలిరోజుల్లో సూర్యుడు రాశిని ఇరవై తొమ్మిదిన్నర రోజుల లోపే దాటేస్తాడు. క్షయ మాసానికి వీలుపడేది అప్పుడే. వేసవిలో మిథునాన్ని దాటడానికి ముప్పై ఒకటిన్నర రోజులు పడుతుంది. అధిక మాసాలు ఎండాకాలపు వైపే ఎక్కువగా రావడానికి కారణం అదే. క్షయ మాసం 1963-64లో వచ్చింది, 1982-83లో వచ్చింది. జీవితంలో ఒకటి రెండుసార్లు వచ్చేదానికి కూడా పేరూ చోటూ కేటాయించి పెట్టిన లెక్క ఇది.

నీళ్ళకొక గడియారం, వానకొక గడియారం

ఇంత కష్టం ఎందుకు పడాలి? సూర్యుడినో చంద్రుడినో ఒక్కరినే పట్టుకుంటే పోలేదా? ఈ ప్రశ్నకి పుస్తకాల్లో కంటే మండవల్లి నేల మీద సూటిగా జవాబు దొరుకుతుంది. గుడివాడ, భీమవరాల నడుమ కొల్లేటికి నైరుతి దరిన ఉన్న మండలం ఇది. 2022లో కొత్త జిల్లా ఏర్పడే దాకా కృష్ణా జిల్లాలో ఉండేది, ఇప్పుడు ఏలూరు జిల్లా. కృష్ణా తూర్పు డెల్టా కాలువలకి ఇది చివరి భూమి. ఒకవైపు వరి చేలు, ఇంకోవైపు చేపల చెరువులు, పెనుమాకలంక, నందిగామలంక లాంటి లంక ఊళ్ళు. కొల్లేటిలోకి బుడమేరు, తమ్మిలేరు నీళ్ళు తెస్తాయి. సముద్రానికి తీసుకుపోయేది ఉప్పుటేరు ఒక్కటే.

ఉప్పుటేటిలో నీళ్ళ నడక తిథిని బట్టి ఉంటుంది. అమావాస్యకీ పౌర్ణమికీ సముద్రం పోటు పెద్దది. అష్టమి దగ్గర పోటూ పాటూ రెండూ నీరసం. రోజురోజుకీ పోటు వచ్చే వేళ దాదాపు యాభై నిమిషాలు వెనక్కి జరుగుతుంది, చంద్రోదయం జరిగినట్టే. వల వేసేవాడికి ఇవాళ ఎంత తారీఖో తెలియడం వల్ల ఒరిగేదేమీ లేదు. జూలై 14 అంటే నీళ్ళ గురించి ఏమీ తెలియదు. బహుళ అమావాస్య అంటే నీళ్ళెలా ఉంటాయో సగం తెలిసిపోతుంది. కొల్లేటికోటలో పెద్దింటి అమ్మవారి జాతర ఫాల్గుణంలో జరుగుతుందంటే లంకల జనానికి నీళ్ళెంత తీసి ఉంటాయో కూడా చెప్పినట్టే.

నారు పోసే రైతుకి చంద్రుడు పనికిరాడు. నైరుతి రుతుపవనం సూర్యుడి వెంట వస్తుంది. జ్యేష్ఠ మాసం ఒక ఏడు మే చివర మొదలవుతుంది, ఇంకో ఏడు జూన్ మధ్యలో మొదలవుతుంది. దాన్ని నమ్ముకుని నారుమడి దున్నితే మునిగిపోవాల్సిందే. అందుకే కార్తెలు. సూర్యుడి దారిని ఇరవై ఏడు నక్షత్రాలకి సమానంగా పంచితే ఒక్కోదానికి పదమూడు డిగ్రీల ఇరవై నిమిషాలు. ఒక్కో కార్తె సగటున పదమూడున్నర రోజులు. వేసవి కార్తెలు పద్నాలుగు రోజులు, చలికాలపువి పదమూడు. ఇంగ్లీషు తేదీతో ఏటా ఒకటి రెండు రోజుల తేడాలోనే ఉంటాయి. రోహిణి మే 25కి అటూ ఇటూ. మృగశిర జూన్ 8. ఆరుద్ర జూన్ 22. పునర్వసు జూలై 6. మృగశిర 2025లో జ్యేష్ఠ పౌర్ణమికి మూడు రోజుల ముందు వచ్చింది, 2026లో అధిక జ్యేష్ఠ బహుళంలో వచ్చింది. చంద్రుడి నెల ఎటు జరిగినా కార్తె కదల్లేదు.

రెండు వారాల ముక్క అన్నది చాలా తూకంగా ఎంచుకున్న కొలత. వానకి గంటలు చెప్పలేం, రోజు చెప్పలేం. నెల అంటే మరీ వెడల్పు. నారు వయసు, ఊడ్పుల అదను, కలుపు, పొట్ట దశ, అన్నీ రెండు వారాల అంచనాకి సరిపోతాయి. రోహిణిలో రోళ్ళు పగలాలి. ఆరుద్ర కురిస్తే ఆరు కార్తెలు కురుస్తాయని పెద్దల మాట. ఆరుద్రలో ఎర్రటి మఖమల్ పురుగులు నేల మీదికొస్తాయి, వాటి పేరే ఆరుద్ర పురుగులు. నారుమళ్ళు ఆరుద్ర లోపు, ఊడ్పులు పునర్వసు, పుష్యమిలలో, సార్వా కోతలు జ్యేష్ఠ, మూల కార్తెల్లో. చిత్త, స్వాతి వచ్చేసరికి కొల్లేటి దరి ఆటపాకలో చెట్ల మీద గూడబాతులు దిగుతాయి, ఈశాన్య రుతుపవనంతో పాటు తుపానుల భయమూ దిగుతుంది. మృగశిర నాడు చేప తినాలన్న ఆచారం పుణ్యమా అని ఆ వారం చెరువుల్లో శీలావతికీ బొచ్చెకీ గిరాకీ. అక్షరం రాని రైతు కూడా ఇరవై ఏడు పేర్లనూ వరసగా అప్పజెబుతాడంటే, అంత దగ్గరి అవసరం ఉంది కనకే.

ఇలా ఒకే ఊళ్ళో నీళ్ళవాళ్ళకి చంద్రుడూ, మాగాణివాళ్ళకి సూర్యుడూ కావాలి. చెరువూ చేనూ రెండూ ఉన్న ఇంటికి ఇద్దరూ కావాలి. పంచాంగం ఒకరిని ఇంకొకరికి లొంగదీయకుండా, ఇద్దరినీ ఒకే గడిలో పక్కపక్కన అచ్చువేసింది.

రాగి రేకు మీద తేదీ

ఏడాదికి పేరు పెట్టడంలోనూ ఇదే పోకడ. గురుడు సూర్యుణ్ణి చుట్టి రావడానికి పన్నెండేళ్ళకి కాస్త తక్కువ, శనికి ముప్పైకి కాస్త తక్కువ. రెండూ కలిసేది అరవైలో. అందుకే ప్రభవ నుంచి అక్షయ దాకా అరవై పేర్లు. ఉత్తరాదిన ఈ పేర్లను గురుడి నడకతో సరిపెడుతూ ఎనభై ఐదారేళ్ళకొకసారి ఒక పేరు వదిలేస్తారు. దక్షిణాదిన ఆ సవరణ ఎప్పుడో మానేశారు. మనకి అరవై పేర్లూ వరస తప్పకుండా తిరుగుతాయి. ఇక్కడ మాత్రం ఆకాశం కంటే జ్ఞాపకానికే పెద్దపీట వేశారు. 1832-33లో గుంటూరు సీమను తుడిచిపెట్టిన కరువు నందన కరువు, 1876-77 నాటిది ధాత కరువు. అంకె మరచిపోయినా పేరు నోట్లో నిలిచింది.

పేరుకి ఒక చిక్కుంది, అరవై ఏళ్ళకి మళ్ళీ వస్తుంది. దానికి విరుగుడుగా పక్కన శక సంవత్సరం అంకె వేశారు. శాసనం చెక్కించినవాళ్ళు అక్కడితో ఆగలేదు. వేంగి చాళుక్య రాజు రాజరాజ నరేంద్రుడి పట్టాభిషేకం తేదీ కోరుమిల్లి రాగి రేకుల మీద ఉంది. శకం 944, సూర్యుడు సింహరాశిలో, బహుళ విదియ, గురువారం, ఉత్తరాభాద్ర నక్షత్రం. పాత జూలియన్ క్యాలెండరు లెక్కలో అది 1022 ఆగస్టు 16. సరిచూడండి: ఆ రోజు నిజంగా గురువారమే. పౌర్ణమి దాటిన రెండో తిథే. సూర్యుడు సింహంలో ఉండి, తిథి బహుళ విదియ అయితే చంద్రుడు ఉండాల్సింది మీనం మొదట్లో, ఉత్తరాభాద్ర అక్కడే ఉంది. ఈ ఐదు వివరాల్లో ఏ ఒక్కటి చెక్కేవాడు పొరపాటుగా చెక్కినా మిగతా నాలుగూ పట్టిచ్చేస్తాయి. దీవాన్ బహదూర్ ఎల్.డి. స్వామికన్ను పిళ్ళై 1922లో ప్రచురించిన ఇండియన్ ఎఫిమెరిస్ సంపుటాలు ఈ సరిచూసే పనికోసమే తయారయ్యాయి. దక్షిణాది చరిత్రకి తేదీలు దొరికాయంటే, శాసనాల్లో ఈ వివరాలన్నీ వరసగా రాయించిన ఆ అలవాటే కారణం.

పేరుంది, నియమం లేదు

ఇంత పనితనంలో ఒక్క చోట మాత్రం పని సగంలో ఆగింది. సూర్యసిద్ధాంతం ఏడాది పొడవు 365.2588 రోజులు. రుతువులు తిరిగొచ్చే ఏడాది 365.2422 రోజులు. తేడా రోజులో అరవయ్యో వంతు. అంటే ప్రభవ నుంచి అక్షయ దాకా ఒక్క చుట్టు తిరిగేసరికి కార్తెలు రుతువు కంటే ఒక రోజు వెనకబడతాయి. ఒక మనిషి షష్టిపూర్తి చేసుకునేలోగా జరిగేది ఒక్క రోజే కనక ఎవరి కంటా పడదు. స్వామి వివేకానంద పుట్టిన 1863 జనవరి 12 మకర సంక్రాంతి రోజు. 2024లో సంక్రాంతి జనవరి 15. సూర్యుడు ఉత్తరానికి తిరిగేది మాత్రం అప్పుడూ ఇప్పుడూ డిసెంబరు 21, 22 తేదీల్లోనే. రాజరాజ నరేంద్రుడి కాలం నుంచి ఇప్పటికి కూడిన తేడా దాదాపు పదిహేడు రోజులు, అంటే ఒక కార్తె కంటే కాస్త ఎక్కువ. ఇవాళ రోహిణి ఎండలు మండే రోజుల్లో, ఆ రాజు ఆస్థాన కవి నన్నయ నాటికి మృగశిర నడిచేది.

ఈ తేడాకి పేరు లేక కాదు. అయనాంశ అని పేరుంది, ప్రస్తుతం ఇరవై నాలుగు డిగ్రీల చిల్లర అని పంచాంగాల్లో వేస్తారు కూడా. లేనిది నియమం. మేఘనాద్ సాహా అధ్యక్షతన 1952లో ఏర్పడ్డ క్యాలెండరు సంస్కరణ సంఘం ఈ చిక్కునే పట్టుకుంది. 1955లో నివేదిక ఇచ్చింది. 1957 మార్చి 22ను శక సంవత్సరం 1879 చైత్రం 1గా ప్రకటించి కేంద్ర ప్రభుత్వం జాతీయ క్యాలెండరును అమలులోకి తెచ్చింది. ఏడాది వసంత విషువత్తుకి మర్నాడు మొదలవుతుంది. వైశాఖం నుంచి భాద్రపదం దాకా ముప్పై ఒక్క రోజులు, ఆశ్వయుజం నుంచి ఫాల్గుణం దాకా ముప్పై, చైత్రానికి ముప్పై, లీపు ఏట ముప్పై ఒకటి. సూర్యుడు వేసవిలో నెమ్మదిగా నడిచే సంగతి కూడా ఆ పంపకంలో ఉంది. లెక్కగా ఎక్కడా వంక పెట్టలేం. గెజెట్ల మీదా, ఆకాశవాణి ప్రకటనల్లోనూ వాడారు. మండవల్లిలో ఆ తేదీ చూసి నారు పోసినవాడూ లేడు, ముహూర్తం పెట్టినవాడూ లేడు. తిథిని అది వదిలేసింది కనక నీళ్ళవాడికి పనికిరాలేదు. పాత నెలల పేర్లే పెట్టింది కనక ఏ చైత్రం ఏదో తెలియని అయోమయం మిగిలింది. కార్తెలను వాటి మానాన వదిలింది కనక రైతుకి కొత్తగా ఒరిగిందేమీ లేదు.

చెయ్యాల్సిన పని అంత పెద్దది కాదు. సిద్ధాంతుల కుటుంబాలు కొన్ని ఇప్పటికే దృక్ గణితానికి కావలసినవన్నీ వేస్తున్నాయి. అమెరికాలో ఉన్న తెలుగువాళ్ళ కోసం వాళ్ళ ఊరి సూర్యోదయానికి తిథి గుణించి ఇచ్చే పంచాంగాలూ వస్తున్నాయి. ఒకే తిథి డల్లాస్‌లో ఒక్కోసారి ఒక రోజు ముందు పండగ అవుతుందన్న సంగతిని ఎవరూ తప్పు పట్టడం లేదు, ఎందుకంటే నియమం మారలేదు, సూర్యోదయం మారింది. అలాగే కార్తె పేరు పక్కన, అది రుతువు నుంచి ఎన్ని రోజులు జరిగిందో ఒక అంకె వేస్తే చాలు. క్షయ తిథికీ, అధిక మాసానికీ, మిగిలిపోయిన నాలుగు కరణాలకీ చోటు చేసిన లెక్కకి ఈ ఒక్క మిగులుని గడిలో ఇమడ్చడం బరువేమీ కాదు. పంచాంగాన్ని గౌరవించేవాళ్ళు అడగాల్సింది ఆ ఒక్క అంకె.